టైబర్ నది మధ్యలో మిగిలిన ఒక్క కమాను: పొంటె రొట్టోలో రోమన్ల నాటిది ఎంత?

తేవెరే_గట్టు:
అందరికీ నమస్కారం. నేను రోమ్‌లో ట్రస్తెవెరె వైపు ఉంటాను. ఇక్కడ టైబర్ ద్వీపానికి కాస్త దిగువన, నది నడిమధ్యలో పాత రాతి కమాను ఒకటి ఉంది. అది ఏ ఒడ్డునూ తాకదు. రెండు స్తంభాలు, వాటి మీద ఒక పెద్ద కమాను, పైన పెరిగిన పిచ్చిమొక్కలు, అంతే. ఇక్కడివాళ్లు పొంటె రొట్టో అంటారు, అంటే విరిగిన వంతెన. రోమన్లు పెట్టిన పేరు పోన్స్ ఏమిలియస్. రోమ్ నగరంలో రాతితో కట్టిన మొదటి వంతెన ఇదే.

టూరిస్టులను తిప్పేవాళ్లు దీన్ని చూపించి "రెండు వేల రెండు వందల ఏళ్ల నాటిది" అంటారు. నాతో పనిచేసే ఇటాలియన్ ఆవిడేమో "అది పోపుల కాలంది, 16వ శతాబ్దపు కట్టడం" అంటుంది. కమాను పక్కన చెక్కిన డ్రాగన్ బొమ్మ చూస్తే ఆవిడ చెప్పిందే నిజమేమో అనిపిస్తోంది. మరి ఇందులో రోమన్లది ఎంత, తర్వాతి వాళ్లది ఎంత? ఆరు కమానుల వంతెనకు ఒక్కటే ఎలా మిగిలింది? చరిత్ర చదివినవాళ్లూ, వంతెనల పని తెలిసినవాళ్లూ ఈ గ్రూపులో ఉన్నారని అడుగుతున్నాను.

పాతరాతి_బాట:
మంచి ప్రశ్న వేశారండీ. ఇద్దరూ నిజమే చెప్పారు. నీళ్లలో నిలబడ్డ స్తంభాలు రోమన్లవి, క్రీ.పూ. 2వ శతాబ్దం నాటివి. వాటి మీద కూర్చున్న కమాను 16వ శతాబ్దంలో మళ్లీ కట్టింది.

రోమన్ల నాడు కూడా ఈ వంతెన ఒక్కసారిగా పూర్తి కాలేదు. చరిత్రకారుడు లివీ రాసినదాన్ని బట్టి, క్రీ.పూ. 179లో మార్కస్ ఏమిలియస్ లెపిడస్, మార్కస్ ఫుల్వియస్ నోబిలియర్ సెన్సార్లుగా ఉన్నప్పుడు నదిలో స్తంభాలు లేచాయి. సెన్సార్లంటే జనాభా లెక్కలు తీయడం, ప్రభుత్వ పనులు కాంట్రాక్టుకు ఇవ్వడం చూసే పెద్ద అధికారులు. రాతి కమానులు ఎక్కింది క్రీ.పూ. 142లో, అంటే 37 ఏళ్ల తర్వాత. మధ్యలో ఆ స్తంభాల మీద చెక్కబాట ఉండేదని చాలామంది పండితుల అభిప్రాయం. అంత ఖర్చు పెట్టి స్తంభాలు లేపి, ఒక తరం పాటు ఊరికే వదిలేసి ఉండరు కదా.

కమానులు వేయించిన ఇద్దరూ మామూలు మనుషులు కాదు. స్కిపియో ఏమిలియానస్ క్రీ.పూ. 146లో కార్తేజ్ నగరాన్ని నేలమట్టం చేసినవాడు. లూసియస్ మమ్మియస్ అదే ఏడాది గ్రీసులో కొరింత్‌ను తగలబెట్టినవాడు. రెండు మహానగరాలను బూడిద చేసిన సేనాపతులిద్దరూ నాలుగేళ్లు తిరక్కుండా కలిసి కూర్చుని ఒక వంతెనకు కమానులు పెట్టించారు. రోమ్ చరిత్రలో నన్ను ఎప్పుడూ ఆపి ఆలోచింపజేసే విషయం ఇది.

బెజవాడ_బైకర్:
లెపిడస్ అంటే రోడ్డు వేయించిన ఆయనేనా మాస్టారూ? వయా ఏమిలియా?

పాతరాతి_బాట:
ఆయనే. క్రీ.పూ. 187లో ఆయన వేయించిన ఆ దారి పేరు మీదే ఇవాళ్టికీ ఇటలీలో ఎమీలియా ప్రాంతాన్ని పిలుస్తున్నారు. ఎనిమిదేళ్ల తర్వాత వంతెన పని మొదలైంది.

వంతెన ఎక్కడ పెట్టారో కూడా చూడండి. తూర్పు ఒడ్డున ఫోరం బోయారియం, అంటే పశువుల సంత. పక్కనే నది రేవు. రేవు దేవుడు పోర్టునస్ గుడి ఇప్పటికీ అక్కడ నిలబడి ఉంది. పడమటి ఒడ్డు ట్రస్తెవెరె. సంతకూ రేవుకూ వచ్చే బళ్లన్నీ నది దాటాలి. అంతకుముందు అక్కడ దగ్గర్లో ఉన్నది పోన్స్ సుబ్లీషియస్ అనే చెక్క వంతెన. హొరేషియస్ ఒంటరిగా శత్రువులను ఆపాడని కథ చెప్పేది ఆ చెక్క వంతెన గురించే, దీని గురించి కాదు. టూరిస్టులకు ఈ రెంటినీ కలిపి చెప్పేస్తుంటారు. ఏమిలియస్ పేరు మాత్రం వేరే చోట వినిపిస్తుంది: క్రీ.శ. 222లో చంపిన ఎలగబాలస్ చక్రవర్తి శవాన్ని బరువు కట్టి ఈ వంతెన మీద నుంచే నదిలో పడేశారని పాత రాతల్లో ఉంది.

తేవెరే_గట్టు:
చాలా థాంక్స్ మాస్టారూ. పోర్టునస్ గుడి ముందు నుంచి రోజూ వెళ్తాను, అది రేవు దేవుడిదని తెలుసు కానీ వంతెనతో కలిపి ఎప్పుడూ చూడలేదు. మరి పడిపోవడం సంగతి?

కరకట్ట_ఇంజనీరు:
నేను ఇరిగేషన్‌లో పనిచేసి రిటైర్ అయ్యాను. వంతెన పడిపోయిందంటే ముందు కమాను చూడకూడదు, పియర్ (నీళ్లలో నిలబడ్డ స్తంభం) కింద నేల చూడాలి. నదిలో పియర్ కట్టగానే నీళ్లు దాన్ని చుట్టి వెళ్లాలి. ఆ చుట్టి వెళ్లే చోట ఒరవడి పెరుగుతుంది, పియర్ ముక్కు దగ్గర సుడి పుట్టి అడుగున ఇసుకనూ మట్టినీ తవ్వేస్తుంది. మేం దీన్ని కోత అంటాం. మామూలు రోజుల్లో కొంచెం, వరదలో బాగా తవ్వుతుంది. పునాది ఆ గొయ్యి కంటే లోతుగా ఉంటే బతుకుతుంది. లేకపోతే పియర్ కాస్త కుంగుతుంది, రాతి కమాను ఆ కొంచెం కుంగుడును కూడా తట్టుకోలేదు.

ఈ వంతెన ఉన్న చోటు మరీ కష్టమైనది. ఎగువన ద్వీపం నదిని రెండు పాయలుగా చీలుస్తుంది. ఆ రెండు పాయలూ కలిసి సరిగ్గా ఈ వంతెన మీదికే వస్తాయి. పైగా వంతెన ప్రవాహానికి అడ్డంగా తిన్నగా లేదు, ఏటవాలుగా ఉంది. అంటే నీళ్లు పియర్ ముక్కును కాక పక్కను కొడతాయి. ఆరు ఖానాల (కమానుల) వంతెన అంటే నదిలో ఎన్ని పియర్లు ఉంటాయో చూడండి. అవన్నీ కలిసి నీటి దారిని ఇరుకు చేస్తాయి. ఇరుకైన కొద్దీ ఒరవడి, ఒరవడి పెరిగిన కొద్దీ కోత.

ఇంకొకటి. రోమ్ దగ్గర నదిలో ఒకప్పుడు తేలే పిండిమరలు ఉండేవి. క్రీ.శ. 537లో గోత్‌లు నగరాన్ని ముట్టడించి మంచినీటి కాలువలు తెంపేసినప్పుడు రోమన్ సేనాపతి బెలిసారియస్ పడవల మీద మరలు కట్టించాడు. అవి 19వ శతాబ్దం దాకా సాగాయి. పెద్ద వరదలో గొలుసులు తెగితే అలాంటి పడవలూ, కొట్టుకొచ్చిన చెట్లూ ఖానాలకు అడ్డం పడతాయి. అప్పుడు వంతెన కాస్తా ఆనకట్టలా నీటిని ఆపుతుంది. ఆనకట్టగా కట్టనిది ఆ బరువు ఎలా మోస్తుంది?

నీలాంబరి:
ఇంజనీరు గారూ, మీరు పునాది అన్నారు కాబట్టి ఒక సంగతి చెప్పాలి. ఈ వంతెన కథలో మైకెలాంజెలో కూడా ఉన్నాడు.

1230 వరదలో దెబ్బతింటే పోపు 9వ గ్రెగొరీ బాగుచేయించాడు. తర్వాత మళ్లీ బలహీనపడింది. 16వ శతాబ్దం మధ్యలో పోపు 3వ పాల్ దీన్ని గట్టిపరిచే పని మైకెలాంజెలోకు అప్పగించాడు. ఆయన పని మొదలుపెట్టాడు, పునాదుల కోసం కలపా ట్రావర్టైన్ రాయీ పెద్ద ఎత్తున తెప్పించాడు. ట్రావర్టైన్ అంటే రోమ్ దగ్గర దొరికే గట్టి సున్నపురాయి. తర్వాతి పోపు 3వ జూలియస్ కాలంలో అక్కడి అధికారులు "ఇంకొకరైతే తక్కువ ఖర్చుతో, తొందరగా పూర్తిచేస్తారు" అని నచ్చజెప్పి పనిని నాన్ని ది బాచ్చో బిజ్జొ అనే ఆయనకు మార్పించారు. ఆయన ఆ ట్రావర్టైన్ రాయిని అమ్మేసి, దాని బదులు గులకరాళ్లు నింపాడు.

మైకెలాంజెలో జీవితచరిత్ర రాసిన వసారి చెప్పిన ముచ్చట ఉంది. ఇద్దరూ గుర్రాల మీద ఈ వంతెన దాటుతుంటే మైకెలాంజెలో "వంతెన మన కింద వణుకుతోంది, తొందరగా పోదాం పద" అన్నాడట. 1557 వరదకు వంతెన కూలిపోయింది.

కరకట్ట_ఇంజనీరు:
అమ్మా, ఇది చదివి కాసేపు మాట రాలేదు. మా సర్వీసులో ఇదే పోరాటం. పునాదిలో వేసేది కనబడదు కాబట్టి అందరి కళ్లూ మొదట దాని మీదే పడతాయి, ఖర్చు తగ్గించాలంటే అక్కడే కోస్తారు. నదిలో గులకరాయి ఎందుకు పనికిరాదంటే, నీళ్లు ఒక్కో రాయినీ విడివిడిగా లాక్కుపోగలవు. పెద్ద దిమ్మెలు ఒకదానికొకటి పట్టుకుని ఉంటాయి. ట్రావర్టైన్ తీసి గులకరాళ్లు పోసినరోజే ఆ వంతెన పడిపోయింది. వరద తేదీ మాత్రమే మిగిలింది.

బెజవాడ_బైకర్:
మరి ఇప్పుడు నిలబడి ఉన్న కమాను ఎవరిది?

నీలాంబరి:
పోపు 13వ గ్రెగొరీ 1575లో కట్టించాడు. 1575 క్రైస్తవులకు జూబిలీ సంవత్సరం, యాత్రికులు వేలకు వేలు వస్తారు, వంతెన కావాలి. మనం ఇవాళ గోడకు తగిలించే క్యాలెండర్ 1582లో తెచ్చినది కూడా ఈయనే. గట్టు గారు చెప్పిన డ్రాగన్ ఆయన వంశం బొంకొంపాన్యి కుటుంబపు చిహ్నం. అందుకే ఆ బొమ్మ చూస్తే పోపుల కాలం అనిపిస్తుంది.

ఆ వంతెన నిలిచింది 23 ఏళ్లే. 1598 డిసెంబర్ 24న, క్రిస్మస్ ముందు రోజు, రోమ్ చరిత్రలో నమోదైన అతిపెద్ద వరద వచ్చింది. రిపెట్టా రేవు దగ్గర నీటిమట్టం 19.56 మీటర్లు. తూర్పువైపు మూడు కమానులు కొట్టుకుపోయాయి. తర్వాత ఎవరూ మళ్లీ కట్టలేదు. విరిగిన వంతెన అనే పేరు అప్పటి నుంచీ స్థిరపడింది.

తేవెరే_గట్టు:
మినర్వా చర్చి ముందు గోడ మీద పాత వరదల గుర్తులు చెక్కిన పలకలు ఉన్నాయి. అందులో 1598ది మనిషి తలకు బాగా పైన ఉంటుంది. నది అక్కడికి చాలా దూరం. నిన్న పనిగట్టుకుని వెళ్లి మళ్లీ చూశాను. మీరు చెప్పిన అంకె చదివాక ఆ గీత వేరేగా కనబడింది.

కానీ ఒక లెక్క ఇంకా తేలలేదు. ఆరింటిలో మూడు పోతే మూడు మిగలాలి కదా. ఒక్కటే ఉంది.

పాతరాతి_బాట:
నన్ను బాధపెట్టేది ఆ ముక్కే. ఆ మిగతా రెంటినీ నది తీసుకుపోలేదు, మనుషులు పడగొట్టారు.

1598 తర్వాత మూడు కమానులు ట్రస్తెవెరె ఒడ్డును పట్టుకుని దాదాపు మూడు వందల ఏళ్లు నిలిచాయి. 18వ శతాబ్దంలో ఇటాలియన్ చిత్రకారుడు పిరనేసి చెక్కిన రోమ్ దృశ్యాల్లో ఈ వంతెన ఉంటుంది, చూడండి. 1853లో పోపు 9వ పయస్ కాలంలో తెగిన చోటి నుంచి తూర్పు ఒడ్డుకు ఇనుప వేలాడే బాట కట్టారు. అంటే 255 ఏళ్ల తర్వాత జనం మళ్లీ ఈ దారిన నది దాటారు! రోమన్ స్తంభాలు, పోపుల కమానులు, 19వ శతాబ్దపు ఇనుము, మూడూ కలిసిన వంతెన. అలాంటిది ప్రపంచంలో ఇంకెక్కడైనా ఉందా? 1887లో ఆ ఇనుప బాటతో పాటు రెండు రాతి కమానులనూ తీసేశారు, పక్కన పొంటె పాలతీనో అనే కొత్త వంతెన కోసం. రెండు వేల ఏళ్లు కాపాడిన చోటును తీసేయడానికి కొన్ని నెలలు చాలాయి. ఏ కారణం చెప్పినా నేను సమర్థించలేను.

కరకట్ట_ఇంజనీరు:
మాస్టారూ, మీ బాధ అర్థమవుతుంది. కానీ ఆ రోజుల్లో నగరం ఉన్న పరిస్థితి కూడా చెప్పాలి. 1870 డిసెంబర్‌లో మళ్లీ పెద్ద వరద వచ్చింది, 17.22 మీటర్లు. అప్పటికి రోమ్ కొత్తగా ఏకమైన ఇటలీలో చేరి మూడు నెలలే అయింది, రాజధాని కాబోతోంది. నదిని ఏం చేయాలని దేశమంతా చర్చ. ఇటలీని ఏకం చేయడానికి పోరాడిన గరిబాల్డీ అయితే 1875లో నదినే నగరం బయటి నుంచి మళ్లిద్దామన్నాడు. చివరికి రాఫయెల్లె కనెవారి అనే ఇంజనీరు పథకం ఒప్పుకున్నారు: రెండు ఒడ్డులా ఎత్తైన రాతి కరకట్టలు, మధ్యలో నదికి 100 మీటర్ల వెడల్పు. 1876లో మొదలుపెట్టి 1926లో ముగించారు.

నదిని వెడల్పు చేసి, కట్ట లేపినప్పుడు ఒడ్డును ఆనుకున్న పాత కమానులు సరిగ్గా నీటి దారిలో పడతాయి. కట్ట ఎత్తుకూ పాత వంతెన ఎత్తుకూ పొంతన ఉండదు. పక్కనే ఇంకో వంతెన పియర్లు కూడా వస్తే వరదనీరు ఎక్కడికి పోవాలి? నేను ఆ కుర్చీలో ఉంటే నేనూ ఒడ్డు వైపు ఖానాలు తీయమనే రాసేవాణ్ణి. ఆ కట్టల వెనకాల లక్షలమంది ఉన్నారు. 1870 లాంటి వరద మళ్లీ వాళ్ల ఇళ్లలోకి రాలేదు.

పాతరాతి_బాట:
అదే కాలంలో, అదే నదిలో, ద్వీపానికి అవతలి వైపున్న పోన్స్ సెస్టియస్‌ను ఏం చేశారో చూడండి ఇంజనీరు గారూ. నది వెడల్పు కోసం దాన్నీ విప్పారు. కానీ 1888 నుంచి 1892 మధ్య మళ్లీ కట్టారు, మధ్య కమానులో పాత రాళ్లు చాలా వరకు తిరిగి వాడారు. చేయాలనుకుంటే చేయగలరని అక్కడే రుజువైంది.

కరకట్ట_ఇంజనీరు:
సెస్టియస్ వాడుకలో ఉన్న వంతెన, ట్రస్తెవెరె వైపు నుంచి ద్వీపానికి అదే దారి. దానికి మళ్లీ కట్టాల్సిన అవసరం ఉంది. దీనికి ఆ అవసరం లేదని వాళ్లు అనుకున్నారు. అయినా ఒక కమానును నది మధ్యలో ఉంచేశారంటే, అప్పటి ఇంజనీర్లలో ఎవరికో మీలాంటి మనసు ఉందనే నా నమ్మకం. నీటి దారి లెక్క చూస్తే దాన్ని కూడా తీయమనే వస్తుంది.

నీలాంబరి:
ఈ విషయంలో నేను మాస్టారి వైపు. పడగొట్టక తప్పదంటే సరే, కానీ ఆ రాళ్లను ఒడ్డున ఎక్కడైనా నిలబెట్టి ఉండాల్సింది. జనం ఇవాళ ఆ కమానును చూసి "వరద మిగిల్చింది" అనుకుంటున్నారు. వరద మిగిల్చింది మూడు. పక్కన ఒక బోర్డు మీద ఆ మాట రాసి పెట్టినా బాగుండేది.

బెజవాడ_బైకర్:
ఇంకో డౌటు. ఎగువన ఉన్న పోన్స్ ఫాబ్రిసియస్ రోమన్ల నాటి నుంచీ నిలబడే ఉందంటారు. అదే నది, అదే వరదలు. అది ఎందుకు పడలేదు?

కరకట్ట_ఇంజనీరు:
బాగా అడిగావు తమ్ముడూ. ఫాబ్రిసియస్ క్రీ.పూ. 62లో కట్టింది, ద్వీపాన్ని తూర్పు ఒడ్డుకు కలుపుతుంది. అది దాటాల్సింది నదిలో ఒక పాయనే. రెండు పెద్ద కమానులు, ఒక్కోటి 24 మీటర్లకు పైనే. నీళ్లలో ఉన్న పియర్ ఒక్కటే. ఏమిలియస్‌కు రెండు పాయల నీళ్లూ కలిపి వస్తాయి, పియర్లు ఎక్కువ. తేడా ఇక్కడే ఉంది.

ఫాబ్రిసియస్ మధ్య పియర్ పైభాగంలో కిటికీ లాంటి ఒక ఖాళీ వదిలారు, గమనించు. వరద కమాను మట్టం దాటి లేచినప్పుడు కొంత నీరు దాని గుండా పోతుంది, వంతెన పక్కను తోసే బరువు తగ్గుతుంది. రెండు వేల ఏళ్ల కిందట నీటి మనసు తెలిసినవాడు పెట్టిన కిటికీ అది.

పాతరాతి_బాట:
దానికి ఇంకో విశేషం ఉంది. కట్టించిన లూసియస్ ఫాబ్రిసియస్ పేరు కమానుల మీద ఇప్పటికీ చదవగలిగేలా ఉంది. దాని కింద చిన్న అక్షరాల్లో క్రీ.పూ. 21 నాటి కాన్సుల్స్ (ఆ ఏడాది రోమ్‌లో అందరికంటే పై అధికారులు) లెపిడస్, లొల్లియస్ తనిఖీ చేసి (ఈ లెపిడస్ వేరే ఆయన) సరిగ్గా ఉందని ఒప్పుకున్నట్టు చెక్కారు. రెండేళ్ల ముందు పెద్ద వరద వచ్చింది, దాని తర్వాత చేసిన తనిఖీ అని భావిస్తారు. కట్టినవాడి పేరు, తనిఖీ చేసినవాళ్ల పేర్లు రెండూ రాయి మీదే.

కరకట్ట_ఇంజనీరు:
ఈ పద్ధతి ప్రతి దేశంలోనూ ఉండాలి మాస్టారూ. సంతకం ఫైల్లో ఉంటే ఎవరికి గుర్తుంటుంది?

నీలాంబరి:
గట్టు గారూ, మేం వచ్చే డిసెంబర్‌లో ఇటలీ వస్తున్నాం, మా అత్తగారు కూడా ఉంటారు. పొంటె రొట్టో బాగా కనబడే చోటు చెప్పండి. ఆవిడ మెట్లు ఎక్కువ దిగలేరు.

తేవెరే_గట్టు:
తప్పకుండా మేడమ్. అత్తగారికి మెట్లు అక్కర్లేని చోటు పొంటె పాలతీనో వంతెన. దాని కాలిబాట మీద ద్వీపం వైపు తిరిగి నిలబడితే కమాను చాలా దగ్గరగా, పూర్తిగా కనబడుతుంది. ఒక జాగ్రత్త: ఆ వంతెన మీద బళ్లు మన ఇండియాలో లాగా ఎడమ వైపున నడుస్తాయి, రోమ్‌లో మిగతా చోట్ల కుడి వైపు. అందుకే దాన్ని ఇక్కడ ఇంగ్లిష్ వంతెన అని కూడా అంటారు. రోడ్డు దాటేటప్పుడు రెండు వైపులా చూసుకోండి.

అక్కడే తూర్పు ఒడ్డు కరకట్ట కింద ఒక పెద్ద రాతి కమాను నోరు కనబడుతుంది. అది రోమన్ల మురుగు కాలువ క్లోయాకా మాక్సిమా నదిలో కలిసే చోటు. చాలామంది గమనించకుండానే వెళ్లిపోతారు.

ద్వీపం దిగువ కొన వరకు దిగగలిగితే అక్కడి నుంచి ఎగువ వైపు ముఖం కనబడుతుంది. ఇంజనీరు గారు చెప్పినట్టు రెండు పాయలూ కలిసే చోటు కూడా అదే, నీళ్లు నురగ కక్కుతూ దూకుతుంటాయి. కానీ డిసెంబర్‌లో వానలు పడితే ఆ కింది గట్టు నీళ్లలో మునిగిపోతుంది, అప్పుడు దిగవద్దు. పైనుంచే చూడండి.

పాతరాతి_బాట:
డ్రాగన్ బొమ్మ మీదే చూపు ఆపేయకండి అమ్మా. కిందికి, నీటిని తాకుతున్న స్తంభాల రాళ్ల వరకు చూడండి. క్రీ.పూ. 179 నాటి పని అక్కడుంది.

నీలాంబరి:
అలాగే మాస్టారూ. ఫాబ్రిసియస్ మీద ఉన్న ఆ తనిఖీ రాత ఫొటో కూడా తీసి ఇక్కడ పెడతాను. ఇంజనీరు గారూ, మధ్య పియర్ కిటికీ మీకోసం ప్రత్యేకంగా తీస్తాను, ఏ వైపు నుంచి కావాలో చెప్పండి.

కరకట్ట_ఇంజనీరు:
ఎగువ వైపు నుంచి తీయండమ్మా. వీలైతే పియర్ ముక్కూ, నీటిమట్టం కూడా కనబడేలా.